జేడ్ గుడీ: కెమెరా ముందు ఏడేళ్లు

బిగ్ బాస్ తెలుగు కొత్త సీజన్ దగ్గరపడుతోందంటే మా పత్రికకు రెండు రకాల ఉత్తరాలు వస్తాయి. విశ్వాసులు ఇలాంటి కార్యక్రమాలు చూడవచ్చా అని అడిగేవి ఒక రకం. మా అబ్బాయి సెలెక్షన్‌కు వీడియో పంపాడు, ప్రార్థనలో జ్ఞాపకం చేసుకోండి అని కోరేవి రెండో రకం. ఒక్కోసారి రెండూ ఒకే ఊరి నుంచి, ఒకే సంఘం నుంచి వస్తాయి. చూడవచ్చా కూడదా అన్న తీర్పు ఈ వారం మేము చెప్పబోవడం లేదు. ఆ ఇంట్లోకి వెళ్లిన మనిషికి ఏమవుతుందో, బయట కూర్చుని చూసే మనకు ఏమవుతుందో తెలుసుకోవాలంటే పూర్తిగా ముగిసిపోయిన ఒక జీవితాన్ని చూడడం మేలు. ఈ కార్యక్రమం వల్లనే పైకి వచ్చి, దీనివల్లనే కిందపడి, దీని సెట్టులోనే తన ప్రాణాంతక వ్యాధి కబురు విన్న ఇంగ్లాండు యువతి జేడ్ గుడీ కథ అది. మధ్యలో మన దేశం రెండుసార్లు వస్తుంది కాబట్టి ఇది మనకు పరాయి కథ కూడా కాదు.

జేడ్ నటి కాదు, గాయని కాదు, క్రీడాకారిణి కాదు. టెలివిజన్‌లో ఆమె ఏ పాత్రా వేయలేదు. ఉన్నదున్నట్టుగా కనబడడమే ఆమె చేసిన పని, ఆమె ఉద్యోగం కూడా అదే. 1981 జూన్ 5న పుట్టింది. పెరిగింది దక్షిణ లండన్‌లోని బెర్మండ్సీ అనే పేద పేటలో. తండ్రి మత్తుమందులకు బానిసై జైళ్ల చుట్టూ తిరిగాడు, చివరకు 2005లో ఆ మందులకే బలయ్యాడు. తల్లికి మోటార్‌సైకిల్ ప్రమాదంలో ఒక చేయి పనిచేయకుండా పోయింది. బడికి వెళ్లవలసిన వయసులో ఆ పిల్ల తల్లికి వంటా, బట్టలూ చూసుకుంది. పెద్దయ్యాక పళ్ల డాక్టరు దగ్గర నర్సుగా పనిచేసింది. మన బస్తీల్లో, మన సంఘాల్లోనే ఇలాంటి పిల్లలు ఎందరో ఉన్నారు. సండే స్కూలు టీచర్లను అడిగితే పేర్లతో సహా చెబుతారు.

1999లో నెదర్లాండ్స్‌లో పుట్టిన బిగ్ బ్రదర్ కార్యక్రమం మరుసటి ఏడాది బ్రిటన్‌కు వచ్చింది. 2002లో దాని మూడో సీజన్‌లో జేడ్ ఆ ఇంట్లోకి వెళ్లింది. గట్టిగా మాట్లాడేది, గట్టిగా నవ్వేది, తాగేది, ఏడ్చేది, తెలియని విషయాన్ని తెలియదని దాచుకునే నేర్పు లేదు. ఇంగ్లాండులోనే ఉన్న ఈస్ట్ ఆంగ్లియా అనే ప్రాంతాన్ని వేరే దేశమనుకుంది. దేశమంతా పగలబడి నవ్వింది. లండన్ చౌకబారు పత్రికలు ఆమెను పందితో పోల్చాయి. ఇరవయ్యొక్క ఏళ్ల ఆడపిల్లను, బయట ఏం జరుగుతోందో వినే వీలు లేని గదిలో ఉన్నదాన్ని, రోజూ ఆ మాట అన్నారు. ఆమెకు భూగోళం ఎందుకు రాలేదో మాత్రం ఎవరూ అడగలేదు. ఇంట్లో అమ్మను చూసుకుంటూ బడికి పోలేని పిల్లకు భూగోళం ఎక్కడినుంచి వస్తుంది?

చివరకు ఆమెకు నాలుగో స్థానం దక్కింది. గెలిచినవాళ్ల పేర్లు జనం మరిచిపోయినా జేడ్ పేరు నిలిచింది. తిట్టిన పత్రికలే ఆమె బొమ్మను ముఖచిత్రంగా వేసుకుని అమ్ముకున్నాయి. ఆమె కూడా తెలివైనదే. చదువు లేకపోయినా సంత తెలుసు. వ్యాయామం వీడియోలు, ఆత్మకథ, తన పేరు మీద ఒక సెంటు సీసా, తన గురించే తీసిన ధారావాహికలు. ఇద్దరు కొడుకులు పుట్టారు, వాళ్ల తండ్రితో విడిపోయింది. అవన్నీ కూడా వార్తలే, అవన్నీ కూడా సరుకే. ఈ వ్యాపారం కిటుకు ఒక్కటే. నటుడికి సినిమా అయిపోయాక ఇల్లు ఉంటుంది. తాను తానుగా కనబడడమే ఉద్యోగమైనవాళ్లకు ఆ గడప ఉండదు. పెళ్లి, పురుడు, తగువు, జబ్బు, ఏది జరిగినా మరుసటి వారం సంచికకు ముడిసరుకు. వీడియోలు పంపుతున్న మన పిల్లలకు ఈ సంగతి ఎవరైనా చెప్పారో లేదో మాకు తెలియదు.

ఇక 2007 జనవరి. పేరున్నవాళ్ల కోసం నడిపే సెలబ్రిటీ బిగ్ బ్రదర్‌లోకి జేడ్ తల్లినీ, స్నేహితుణ్ణీ వెంటబెట్టుకుని వెళ్లింది. అదే ఇంట్లో మన దేశపు నటి శిల్పా శెట్టి ఉంది. జేడ్, ఆమెతో చేరిన మరో ఇద్దరు యువతులు శిల్ప ఉచ్చారణను వెక్కిరించారు, వంటను వెక్కిరించారు. సూపుల్లో వేసే మసాలా బిళ్లల దగ్గర మొదలైన తగువు కేకల దాకా పోయింది. జేడ్ ఆమె ఇంటిపేరు తీసేసి ‘శిల్పా పాపడం’ అంది. ప్రసారాల నియంత్రణ సంస్థ ఆఫ్‌కామ్‌కు దాదాపు 44,500 ఫిర్యాదులు వెళ్లాయి. అప్పటి వరకు ఏ కార్యక్రమం మీదా అన్ని రాలేదు. పాట్నాలో దిష్టిబొమ్మలు తగలబెట్టారు. సరిగ్గా ఆ రోజుల్లోనే భారత పర్యటనకు వచ్చిన బ్రిటన్ ఆర్థికమంత్రి గోర్డన్ బ్రౌన్ వెళ్లినచోటల్లా దీని గురించే జవాబు చెప్పుకోవలసి వచ్చింది. ప్రధాన స్పాన్సరు తప్పుకుంది. దుకాణాలు ఆమె సెంటు సీసాలను అలమరల్లోంచి తీసేశాయి. జనవరి 19న ప్రేక్షకులు 82 శాతం ఓట్లతో ఆమెను బయటకు పంపారు. ఎప్పుడూ ఉండే జనసందోహం ఆ రాత్రి గుమ్మం ముందు లేదు. ఆ సీజన్ శిల్ప గెలిచింది.

జేడ్ అన్న మాటలు జాతి దురహంకారపు మాటలే. పేదరికంలో పెరిగిందని చెప్పి వాటిని కడిగేయలేము. పేదవాడి నోటి నుంచి వచ్చినా అవమానం అవమానమే, పడినవాళ్లకు నొప్పి ఒక్కటే. అయితే ఆ మేలో ఆఫ్‌కామ్ ఇచ్చిన తీర్పును మన పత్రికలు పెద్దగా పట్టించుకోలేదు. తప్పు చేసినట్లు తేల్చింది ఛానల్ ఫోర్‌ను. ఇంట్లో జరుగుతున్నది చూస్తూ, కోసి అతికించి, రాత్రికి రాత్రి ప్రసారం చేసింది వాళ్లు. తమ తప్పును తామే తెర మీద ప్రకటించాలని ఆఫ్‌కామ్ ఆదేశించింది. ఛానల్ మాత్రం చెక్కుచెదరకుండా నిలిచింది. బతుకు చెడింది ఆ ఆడపిల్లది. గొడవ రేపినవాడి కన్నా గొడవ చూపినవాడికి లాభం ఎక్కువ. 2023 డిసెంబరులో బిగ్ బాస్ తెలుగు ఏడో సీజన్ ముగిసిన రాత్రి హైదరాబాదులో అన్నపూర్ణ స్టూడియో దగ్గర అభిమానులు ఆర్టీసీ బస్సుల అద్దాలు పగలగొట్టినప్పుడు కూడా కేసులు పడ్డది పిల్లల మీదే.

మరో మాట కూడా అనాలి. శిల్పను అవమానించారని ఆనాడు మన ఇళ్లలో రక్తాలు ఉడికాయి. ఉడకవలసిందే. మరి ‘తెల్లగా ఉన్న వధువు కావలెను’ అని అచ్చువేసే పెళ్లి ప్రకటనలు క్రైస్తవ పత్రికల వెనుక పేజీల్లో ఇంకా ఎందుకు వస్తున్నాయి? ‘ఫలానా కులం నుంచి వచ్చిన క్రైస్తవులు మాత్రమే’ అన్న ముక్క బాప్తిస్మం తరువాత కూడా ఎలా మిగిలింది? మన సంఘాల్లో యాసను బట్టి, ఒంటి రంగును బట్టి పిల్లలకు పెట్టే మారుపేర్లను ఎవరైనా కెమెరాలో పట్టి ప్రసారం చేస్తే ఎన్ని వేల ఫిర్యాదులు వస్తాయో!

జేడ్ క్షమాపణలు చెప్పింది. శిల్ప అంగీకరించింది. ఏడాదిన్నర తరువాత, 2008 ఆగస్టులో, అప్పుడే మొదలైన కలర్స్ ఛానల్‌లో హిందీ బిగ్ బాస్ రెండో సీజన్‌కు శిల్ప వ్యాఖ్యాత. ఆ ఇంట్లోకి అతిథిగా వచ్చింది జేడ్. ఇది నిజమైన సమాధానమా, వ్యాపారమా? రెండూ కలిసే ఉండవచ్చు. మనుషుల మధ్య సమాధానాలు అంత శుభ్రంగా ఎప్పుడూ ఉండవు. మంచి పని ఒక్కోసారి డబ్బు సంచి పక్కనే జరుగుతుంది. దానిని తక్కువ చేసి మాట్లాడడానికి మేము తొందరపడము.

వచ్చిన రెండో రోజే ఆమెను కెమెరా ఉన్న గదిలోకి పిలిచారు. లండన్ నుంచి డాక్టరు ఫోను. బయలుదేరే ముందు చేయించుకున్న పరీక్షల ఫలితం వచ్చింది. గర్భాశయ ముఖద్వార క్యాన్సర్. తల్లి పక్కన లేదు, పిల్లలు లేరు, భాష తెలియని దేశం, ఎదురుగా కెమెరా. ఆమె ఆ రోజే ఇల్లు విడిచి విమానం ఎక్కింది. ఈ జబ్బు ఉన్నట్టుండి వచ్చి పడింది కాదు. అంతకుముందే పరీక్షల్లో అనుమానపు కణాలు బయటపడ్డాయి, చికిత్స కూడా జరిగింది. మళ్లీ రమ్మని ఆసుపత్రి నుంచి వచ్చిన ఉత్తరాన్ని భయంతో పక్కన పెట్టేశానని తరువాత ఆమే చెప్పుకుంది.

2009 ఫిబ్రవరి నాటికి ఇక మందు లేదని డాక్టర్లు తేల్చారు. ఆ నెల 22న ఎసెక్స్‌లో, జుట్టంతా రాలిపోయిన తలతో, ఆమె పెళ్లి చేసుకుంది. ఫొటోల హక్కులు ఓకే పత్రిక కొన్నది. సుమారు 7,00,000 పౌండ్లని అప్పట్లో వార్తలు వచ్చాయి. చావును కూడా అమ్ముకుంటోందని చాలామంది పెద్దమనుషులు ముఖం చిట్లించారు. ఆమె జవాబు సూటిగా ఉంది: పిల్లలకు మంచి చదువు చెప్పించాలి, తనకు దొరకని చదువు. ఆ మాటకు మేము తల వంచుతాము. పంట పొలం ఉన్న తల్లి పొలం అమ్ముతుంది, మెడలో పుస్తెలు ఉన్న తల్లి పుస్తెలు అమ్ముతుంది. ఏడేళ్లుగా ప్రపంచం ఆమె దగ్గర కొన్నది ఒక్కటే సరుకు, ఆమె ముఖం. ఉన్నదే అమ్మింది. ముఖం చిట్లించవలసింది మరొకచోట ఉంది. ఆమె ఇంకా ఊపిరి తీస్తూ ఉండగానే ఆ పత్రిక పుట్టిన సంవత్సరం, పోయిన సంవత్సరం వేసి సంస్మరణ సంచికను అమ్మకానికి పెట్టింది. ఆ సంచిక కొన్న చేతులు లక్షల్లో ఉన్నాయి కాబట్టే అది అచ్చయింది.

మార్చి 7న లండన్‌లోని రాయల్ మార్స్‌డెన్ క్యాన్సర్ ఆసుపత్రి ప్రార్థనాలయంలో ఆమె, ఐదేళ్లూ నాలుగేళ్లూ ఉన్న ఇద్దరు కొడుకులూ బాప్తిస్మం పొందారు. ఈ సంగతి చెబితే మన మధ్య రెండు ప్రశ్నలు వస్తాయని తెలుసు. పిల్లలకు ఇవ్వవచ్చా అన్నది మొదటిది. దాని మీద సీఎస్‌ఐ, లూథరన్ సంఘాలవారూ బాప్టిస్టు సంఘాలవారూ ఈ వ్యాసం వల్ల ఒక్కటవ్వరు కనుక వదిలేద్దాం. రెండోది, చావు మంచం మీద తీసుకున్న బాప్తిస్మం లెక్కలోకి వస్తుందా? ఈ ప్రశ్న కొత్తది కాదు. ఆది సంఘంలో రోగశయ్య మీద బాప్తిస్మం పొందినవారిని ఒక మెట్టు తక్కువగా చూసేవాళ్లు, వాళ్లకు వేరే పేరు కూడా పెట్టారు. మూడో శతాబ్దంలో కార్తేజి అధ్యక్షుడు సిప్రియన్ వాళ్ల పక్షం వహించాడు. 337లో కాన్‌స్టాంటైన్ చక్రవర్తి బాప్తిస్మం పొందింది కూడా మరణశయ్య మీదే. అతనిది చెల్లుతుంది, బెర్మండ్సీ ఆడపిల్లది చెల్లదు అంటే, అక్కడ మనం తూచేది విశ్వాసాన్ని కాదు, హోదాను. సిలువ మీద దొంగకు నీళ్లు కూడా అందలేదు.

మార్చి 22 తెల్లవారుజామున జేడ్ కన్నుమూసింది. వయసు 27. లెంటు కాలపు నాలుగవ ఆదివారం అది. ఇంగ్లాండు సంఘాల్లో ఆ రోజు తల్లుల ఆదివారం, పిల్లలు అమ్మలకు పూలు ఇస్తారు. ఏప్రిల్ 4న జరిగిన అంత్యక్రియల ఊరేగింపు బెర్మండ్సీ వీధుల్లో నుంచి బయలుదేరింది. ఆమె మృతికి సంతాపం తెలిపినవారిలో గోర్డన్ బ్రౌన్ కూడా ఉన్నాడు. రెండేళ్ల కిందట భారతదేశంలో ఆమె గురించి తల దించుకుని జవాబు చెప్పినవాడే, ఇప్పుడు ప్రధానమంత్రి.

ఆమె జబ్బు పడిన నాటి నుంచి చనిపోయిన కొద్ది నెలల వరకు, అంటే 2008 మధ్య నుంచి 2009 మధ్య వరకు, ఒక్క ఇంగ్లాండులోనే మామూలుగా వచ్చేవారి కన్నా 4,00,000 మందికి పైగా స్త్రీలు అదనంగా ఈ క్యాన్సర్ ముందస్తు పరీక్షకు వెళ్లారని తరువాత పరిశోధకులు లెక్కగట్టారు. ఏళ్ల తరబడి పిలుపు ఉత్తరాలు పక్కన పడేసినవాళ్లు కూడా అందులో ఉన్నారు. డాక్టర్ల కరపత్రాలు చేయలేని పని అది. చదువుకున్నవారు నవ్విన ఆ నోరే, తనకేమైందో దాచకుండా చెప్పబట్టి ఎందరో స్త్రీలు ఆసుపత్రి మెట్లెక్కారు.

ఇప్పుడు మన సంగతి. భారతదేశపు స్త్రీలలో రొమ్ము క్యాన్సర్ తరువాత ఎక్కువగా వచ్చేది ఇదే. అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధన సంస్థ 2022 అంచనాల ప్రకారం ఏడాదికి సుమారు 1,27,000 కొత్త కేసులు, 80,000 దాకా మరణాలు. దాదాపు అన్ని కేసులకూ మూలం హెచ్‌పీవీ అనే వైరస్. ఆ సంగతి కనిపెట్టిన జర్మనీ శాస్త్రవేత్త హారాల్డ్ జుర్ హౌసెన్‌కు నోబెల్ బహుమతి వచ్చింది కూడా జేడ్ చికిత్సలో ఉన్న 2008లోనే. ఆమె పోయిన కొన్ని రోజులకు మహారాష్ట్రలోని ఉస్మానాబాద్ జిల్లా పల్లెల్లో 1,30,000 మందికి పైగా స్త్రీల మీద జరిగిన అధ్యయనం వెలువడింది. ఒక్కసారి హెచ్‌పీవీ పరీక్ష చేసిన గ్రామాల్లో, ఏ పరీక్షా లేని గ్రామాలతో పోలిస్తే, ఈ క్యాన్సర్ మరణాలు దాదాపు సగమయ్యాయి. ఒక్కసారి చేస్తేనే.

తెలుగు నేల మీద ఈ కథకు ఒక చేదు అధ్యాయం ఉంది. అదే 2009లో అమెరికాకు చెందిన పాత్ సంస్థ, ఐసీఎంఆర్, అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కలిసి ఖమ్మం జిల్లాలో 10 నుంచి 14 ఏళ్ల బాలికలకు వేల సంఖ్యలో ఈ వైరస్ టీకా వేయించాయి. చాలామంది గిరిజన బాలికలు, హాస్టళ్లలో ఉండేవాళ్లు. కొందరు బాలికలు మరణించడంతో గగ్గోలు పుట్టి, 2010 ఏప్రిల్‌లో కార్యక్రమం ఆపేశారు. ఆ మరణాలకు టీకా కారణం కాదని విచారణలో తేలింది. కాని తల్లిదండ్రులు పెట్టవలసిన సంతకాలు హాస్టల్ వార్డెన్లు పెట్టారని కూడా తేలింది. 2013లో పార్లమెంటరీ స్థాయీ సంఘం దీన్ని గట్టిగా తప్పుపట్టింది. మంచి మందును కూడా పేదవాళ్లను అడగకుండా వేస్తే ఏమవుతుందో చూశాం. ఆ భయం మన తల్లుల్లో ఇంకా పోలేదు. భయపడుతున్నవాళ్లను అజ్ఞానులని కసురుకోకుండా కూర్చోబెట్టి చెప్పాలి. ఇప్పుడు పూణెలోని సీరం సంస్థ తయారుచేసిన టీకా కూడా ఉంది. తొమ్మిదేళ్ల నుంచి పద్నాలుగేళ్ల లోపు వేయిస్తే మేలు ఎక్కువ.

సంఘాల్లో అంతకన్నా పెద్ద అడ్డు సిగ్గు. వైరస్ దాంపత్య సంబంధం ద్వారా వస్తుంది కనుక, జబ్బు పడిన సహోదరి శీలం మీద గుసగుసలు మొదలవుతాయి. భర్తను తప్ప ఎరుగని స్త్రీలకు కూడా ఇది వస్తుంది. అతని ద్వారానే వస్తుంది. మన ప్రార్థన కూడికల్లో ‘ఒక సహోదరి ఆరోగ్య విషయమై’ అంటారు తప్ప ఏ జబ్బో పేరు ఎత్తరు. నెలల తరబడి తెల్లబట్ట, మధ్యలో రక్తపు మరకలు, కలయిక తరువాత రక్తం, వీటిని కూతురికి కూడా చెప్పుకోరు. ఉపవాస ప్రార్థన చేద్దాం, పోతుంది అని ఆరు నెలలు గడిపేసిన కాపరులను మేము ఎరుగుదుము. ప్రార్థన చేయండి, చేస్తూనే మరునాడు ఆసుపత్రికి తోడు వెళ్లండి. ఆ ఉత్తరం పక్కన పడేసిన జేడ్‌ను మనం ఏ మొహంతో తప్పుపడతాం?

కేంద్ర ఆరోగ్యశాఖ మార్గదర్శకాల ప్రకారం 30 నుంచి 65 ఏళ్ల స్త్రీలు అయిదేళ్లకోసారి ఈ పరీక్ష చేయించుకోవాలి. గర్భాశయ ముఖద్వారానికి పలుచని ఎసిటిక్ ఆసిడ్, అంటే మన వంటింటి వెనిగర్ లాంటిదే, రాసి చూసే చిన్న పరీక్ష. కోత లేదు, మత్తు లేదు, కొద్ది నిమిషాల్లో అయిపోతుంది. ఇంగ్లాండులో జేడ్ పుట్టించిన కదలిక ఎంతో కాలం నిలవలేదు. కొన్నేళ్లకే యువతుల హాజరు మళ్లీ పడిపోయింది. జనం మరో సీజన్, మరో ముఖం చూస్తున్నారు. మన స్త్రీల సమాజాల పెద్దలు దగ్గరలోని ప్రభుత్వ ఆరోగ్య కేంద్రంలో ఈ పరీక్ష ఏ రోజున చేస్తారో, చేసేది ఆడ డాక్టరో కాదో, ఈ వారమే వెళ్లి కనుక్కోవాలి. వచ్చే ఆదివారం ఆరాధనలో ప్రకటనలు చదివేటప్పుడు ఆ రోజునూ, జబ్బు పేరునూ తడబడకుండా చదవాలి.